అందించని మాట

తడిగుడ్డతో మూడోసారి తుడిచినా పెట్టె మూలల్లోంచి నుసి రాలుతూనే ఉంది. వేదిక ముందంచున, బల్లల కింద, నటులకు మాట అందించే మనిషి కూర్చుంటే కళ్లు బల్లల ఎత్తుకు వచ్చేంత గొయ్యి అది. ప్రేక్షకుల వైపు రేకు అడ్డం, నటుల వైపు చిన్న కిటికీ. తాయారమ్మ స్టూలు మీద మడిచిన గోనెసంచి పరిచింది. ముందున్న పలక మీద పుస్తకం పెట్టి, మొదటి పుట తెరిచి, టార్చిలైటు ఒకసారి వెలిగించి ఆర్పింది. కరెంటు రెండింటి నుంచి నాలుగు దాకా ఉంటుందన్నారు. నాటకం ఆదివారం మధ్యాహ్నం రెండింటికి పెట్టుకున్నది అందుకే. చీకటి పడకముందే జనం ఇళ్లకు చేరాలి.

ఆమెకు డెబ్బై నాలుగేళ్లు. బర్మాలో, పబేడాన్ పేటలో ఒక దర్జీ దుకాణంలో కాజాలు కుట్టి బతికింది. సూదిపోట్లతో గట్టిపడిన కుడి చూపుడువేలు పుట తిప్పినప్పుడల్లా గరగరమంటుంది. ఆ చప్పుడు నటులకు మాత్రమే తెలుసు. ప్రేక్షకుల్లో ఆమెను చూసినవారు లేరు.

సాగర నాట్యమండలిని నిలబెట్టింది రేవులో బస్తాలు మోయడానికి వలస వచ్చిన తెలుగువారు. పాతబడిన పడవల టేకు బల్లలతో ఈ వేదిక వేసుకున్నారు. వారి లెక్కలు రాసే గుమస్తా ఒకడు ‘సముద్రుని తీర్పు’ రాశాడు. అయితే నటుల్లో చదవను వచ్చినవారు తక్కువ; ఓడ వచ్చిన వేళే పని గనుక రిహార్సళ్లు కుదిరేవి కావు. అందుచేత ప్రతి మాటనూ కింది నుంచి అందించడం మండలికి ఆచారమయింది. ఆ ఆచారమే తరువాత ముప్పు తెచ్చింది. నాటకం ప్రాంప్టరు నోట తప్ప మరెవరి నోటా నిలవలేదు. యుద్ధకాలంలో కొందరు కాలినడకన స్వదేశానికి వెళ్లిపోయారు. అరవైల్లో మరికొందరు ఓడలెక్కారు. తాయారమ్మ తండ్రి అప్పయ్య మాత్రం, పుస్తకాన్ని విడిచి పోలేక ఉండిపోయాడు. చూపు మందగించాక కూతురిని పక్కన కూర్చోబెట్టుకున్నాడు. ఆయన పోయాక, ఆడదాని నోటి మాట అందుకోవడం నామోషీ అన్న మగవాళ్లంతా, వేదికెక్కి నోరెండగానే ఆమె గొంతు కోసమే చెవులు రిక్కించారు. అలా యాభై ఏళ్లు గడిచాయి.

కిందటి వర్షాకాలంలో డాక్టరు ఆమె గుండె సంగతి చెప్పాడు. ఆమె ఎవరికీ చెప్పలేదు. తనతోపాటే నాటకమూ పోతుందని మాత్రం ఇంటికి నడిచేలోగా తేల్చుకుంది. నటులు అయిదుగురూ తెలుగు మాట్లాడగలరు, చదవలేరు. మాటలన్నీ ఫోనులో పలికి పంపింది. వాళ్లు బర్మా అక్షరాల్లో రాసుకున్నారు. ఆరు నెలలపాటు, వారానికి మూడు సాయంత్రాలు, కాగితాలు పక్కన పెట్టించి అప్పజెప్పించుకుంది. ఈవేళ తాను కింద ఉంటుంది గాని పెదవి కదపదు. వాళ్లు ఒడ్డున పడితే నాటకం బతికినట్టే.

ఒంటిగంటకు ఎడ్విన్ రాజు వచ్చి కిటికీలోకి వంగాడు. టాక్సీ నడుపుతాడు; ఈవేళ సముద్రుడు. వెండికాగితపు కిరీటం చెవుల మీదికి జారుతోంది.

“పిన్నీ, నువ్వు కిందుండగా నాకేటి బయ్యం? మాట జారితే ఇసిరీ, పట్టీసుకుంతాను.”

“ఇసరను. ఒక్క మాట అడిగినావంటే ఆ కిరీటం పీకి సిల్వియా నెత్తిన పెట్టీస్తాను.”

జాలరి భార్య వేషం కట్టిన సిల్వియా వెనక నుంచి నవ్వింది. ఆమె నర్సు; పెద్దవాళ్లను బర్మా వాళ్లలాగే గౌరవంగా ‘డా’ అంటుంది. “నాకొద్దు డా తాయారూ! ఆడి సెమటకి సగం కరిగిపోనాది.”

“మాట అందించనిదానివి, మరి కింద ఎందుకు కూకోడం?” అన్నాడు ఎడ్విన్ రాజు.

“నా జాగా అది. మరెక్కడ కూకోమంతావు?”

తెర లేచింది. మొదటి అంకం తడబాటు లేకుండా నడిచింది. రెండో అంకంలో ఒకచోట తాయారమ్మ పెదవులు వాటంతటవే విడిపోతే మూసుకుంది. మూడో అంకం మొదట్లోనే కరెంటు పోయింది. తలుపులన్నీ తెరిచారు, ఎండ వెలుగులోనే ఆట సాగింది. ఫ్యాన్లు ఆగిపోవడంతో చీర కుచ్చెళ్ల చప్పుడు కూడా వినిపిస్తోంది.

“నా మనిషిని ఎందుకు తీసుకుపోయావు?” అని జాలరి భార్య అడిగింది.

సముద్రుడు పలకలేదు.

తాయారమ్మ నాలుక చివరికి మాట వచ్చేసింది. యాభై ఏళ్లలో ఇంత ఖాళీని ఆమె ఎన్నడూ వదలలేదు. కొంగు నోట్లో కుక్కుకుని, అలవాటు కొద్దీ అతని పాదాల వైపు చూసింది. మాట మరిచిన నటుడి కాలివేళ్లు బల్లను పట్టుకుంటాయి; మొహం దాచినా పాదాలు దాచలేవు. ఎడ్విన్ రాజు వేళ్లు వదులుగా ఉన్నాయి. మడమలు స్థిమితంగా ఆనివున్నాయి. అతడు మరిచిపోలేదు, ఆగాడు.

ఈ నాటకంలో మౌనానికి చోటుందని ఆమెకు అంతవరకు తెలియదు. ఆగిన చోటల్లా ఆమె గొంతే దూరేది మరి.

అతడు కిరీటం తీసి బల్ల మీద పెట్టాడు. “నేను తీసుకుపోలేదమ్మా. అతడు పిలిచాడు. పిలిచినవారి దగ్గరకు వెళ్లడం తప్ప నాకింకేమీ రాదు.”

హాలులో ఎవరో వెక్కారు. తరువాత చప్పట్లు మొదలై, చివరి మాట దాకా మళ్లీ మళ్లీ లేచాయి. తెర దిగింది, ఎత్తారు, మళ్లీ దిగింది. జనం బెంచీలెక్కి అయిదుగురి పేర్లూ పిలుస్తున్నారు. ఎడ్విన్ రాజు మోకాళ్ల మీద కూలబడి కిటికీలో తల పెట్టాడు.

“పిన్నీ! ఒక్కటైనా అడిగినానా? సెప్పు!”

తాయారమ్మ గోడకు తల ఆనించి కూర్చుని ఉంది. కొంగు పెదవుల మధ్యే ఉంది. సిల్వియా అతన్ని పక్కకు జరిపి లోపలికి దిగింది. మణికట్టు పట్టుకుని చాలాసేపు నాడి వెతికింది. ఆ తరువాత కొంగును మెల్లగా తీసి భుజం చుట్టూ కప్పింది. పైన చప్పట్లు ఇంకా ఆగలేదు.

పలక మీద పుస్తకం మొదటి పుట దగ్గరే తెరిచి ఉంది; దాని మీద, మడిచిన కళ్లజోడు.