దుబాసి వరస

పొద్దుటి నుంచి లీత్యా "నేను" అంటూనే ఉంది. నాకు కడుపులో మంటగా ఉంది అంది. నేను తాగుడు మానలేకపోతున్నాను అంది. నిన్నటి నుంచి నా కడుపులో బిడ్డ కదలడం లేదు అంది. ఆ నేనుల్లో ఒక్కటీ ఆమెది కాదు. ఉత్తరాన మంచు సముద్రపు ఒడ్డున ఉన్న ఆ ఊరి ఆస్పత్రిలో ఆమె దుబాసి. రోగి తమ భాషలో అన్నదాన్ని డాక్టరుకి ఇంగ్లీషులోనూ, డాక్టరు ఇంగ్లీషులో అన్నదాన్ని రోగికి తమ భాషలోనూ ఉన్నదున్నట్టు అప్పజెప్పడం ఆమె ఉద్యోగం. ఏదీ కలపకూడదు, ఏదీ తీయకూడదు. "ఆవిడ ఏమంటోందంటే" అని కూడా అనకూడదు. ఆవిడే అయిపోయి "నేను" అనాలి. దక్షిణాన ఉన్న నగరానికి పిలిపించి మరీ నేర్పించారు ఈ సంగతి.

బిడ్డ కదలడం లేదన్న పిల్ల ఏడుస్తూ బయటికి వెళ్ళింది. లీత్యా కాగితం కప్పులో చల్లారిపోయిన టీ తాగింది. మొదట్లో ఇలాంటివాళ్ళ వెనకాలే తనూ వెళ్ళి, చేతులు కడుక్కునే గదిలో నిలబడి ఏడ్చేది. ఇప్పుడు ఏడుపు రాదు. రాకపోవడమే నయం అనుకుంటుంది. నోరు అద్దెకిచ్చేశాక, ఆ ఇంట్లో వాళ్ళు ఏం వండుకుంటే మనకెందుకు?

తనకి ముందు ఈ కుర్చీలో కూర్చున్న మార్కూసీ, రోగుల మాటలకి తన మాటలు చేర్చాడని పని పోగొట్టుకున్నాడు. ఇప్పుడు రేవు దగ్గర నూనె పీపాలు దొర్లిస్తున్నాడు, అదీ ఎండాకాలంలో ఓడలొచ్చినప్పుడే. లీత్యా ఇంట్లో తల్లీ, తమ్ముడూ, వాడి పెళ్ళాంబిడ్డలూ అందరూ ఆమె జీతం మీదే ఉన్నారు. కొట్లో పాలడబ్బా కొంటే సగం పూట సంపాదన ఎగిరిపోయే ఊరు అది. అందుకని లీత్యా ఏదీ చేర్చదు.

"తర్వాతి వాళ్ళని రమ్మనండి" అన్నాడు డాక్టరు.

డాక్టరు చెడ్డవాడేం కాదు. చెడ్డవాడైతే తిట్టుకోవడానికి వీలుగా ఉండేది. చిన్నవయసు వాడు, నెలకోసారి విమానంలో వస్తాడు, ఈ వారంలో ఇది అతనికి మూడో ఊరు. కళ్ళ కింద నల్లగా ఉంది. అందరికీ లేచి నిలబడి నమస్కారం చెబుతాడు.

తలుపు తోసుకుని ముసలి ఉలాయుక్ వచ్చింది, మునిమనవరాలు నివియాక్‌ని చెయ్యి పట్టుకుని. తోడు రావలసిన ఆమె కూతురు జీలా రాలేదు. జీలా కొట్లో గల్లాపెట్టె దగ్గర పని చేస్తుంది. పూట మానితే ఆ పూట జీతం కోసేస్తారు. నాలుగేళ్ళ నివియాక్ గదిలోకి అడుగుపెట్టిందో లేదో బల్ల కింద దూరింది.

ఉలాయుక్‌ని ఎందుకు పిలిపించారో లీత్యాకి తెలుసు. ఊరందరికీ తెలుసు. మొన్న ఆటు వేళ ముసలామె ఒక్కతీ సముద్రం మీదికి వెళ్ళింది. నీరు వెనక్కి తీసినప్పుడు పైనున్న మంచు కప్పులా నిలబడిపోతుంది. ఆ కప్పుకి కన్నం కొట్టుకుని కిందికి దిగి, తడిరాళ్ళ మీద పాకుతూ ఆల్చిప్పలు ఏరుకుని, పోటు తిరిగేలోగా పైకి రావాలి. ఆ తీరంలో ఆడవాళ్ళందరూ చేసే పనే. కాకపోతే ఆ వయసులో ఎవరూ తోడు లేకుండా దిగరు. బడిలో కొత్తగా చేరిన పంతులొకడు, మంచులోకి జారిపోతున్న రెండు కాళ్ళు చూసి గుండె ఆగినంత పనై, కనపడిన వాళ్ళందరికీ ఫోన్లు చేశాడు. మగవాళ్ళు తాళ్ళు పట్టుకుని పరుగెత్తేసరికి ఉలాయుక్ సగం బకెట్టు ఆల్చిప్పలతో పైకొచ్చి, నా కన్నం దగ్గర మీకేం పనిరా అని తిట్టింది.

నవ్వుకుని వదిలేసే సంగతే. కానీ ఒంటరిగా ఉండనివ్వకూడదని డాక్టరు తేల్చిన ముసలివాళ్ళని ఊళ్ళో ఉంచరు. ఉంచడానికి ఊళ్ళో చోటు లేదు. దక్షిణపు నగరంలో వృద్ధాశ్రమానికి పంపిస్తారు. అలా పంపినవాళ్ళు తిరిగొచ్చేది పెట్టెలోనే.

ఉలాయుక్ కుర్చీలో కుదురుకుని, డాక్టరుని వదిలేసి లీత్యా వంక చూసింది.

"ఏం మావా, మొహం అలా వేలాడేసుకున్నావ్? పొద్దున్నేమన్నా తిన్నావా, ఆ టీ నీళ్ళేనా?"

"ఏమంటున్నారు?" అన్నాడు డాక్టరు.

లీత్యా ఇంగ్లీషులో అప్పజెప్పింది: "'మీ ముఖం విచారంగా ఉంది. ఉదయం ఆహారం తీసుకున్నారా, లేక ఆ టీ మాత్రమేనా?'"

ఒక మాట తీసేసింది. మావా అన్న మాట. ఉద్యోగంలో చేరాక ఆమె చేసిన మొదటి తప్పు అది.

లీత్యా పుట్టకముందు శీతాకాలంలో ఉలాయుక్ భర్త తులుగాక్ పోయాడు. ఆ తర్వాత పుట్టిన బిడ్డకి ఆ పేరే పెట్టారు. చర్చిలో లీత్యా అని రాశారు గాని, ఇంట్లో ఆమె తులుగాక్. పేరొచ్చిందంటే వరసా వచ్చినట్టే. ఆడపిల్ల కదా అని ఎవరూ ఆగలేదు. ఉయ్యాలలో ఉన్నప్పటి నుంచీ ఆమె ఉలాయుక్‌కి మొగుడు. ప్రతి చలికాలం కొత్త చేతితొడుగులు ముందు మొగుడికే కుట్టింది ముసలామె. చిన్నప్పుడు లీత్యా పట్టిన మొదటి చేపని చేత్తో పట్టుకుని "మా ఆయన తెచ్చాడు, మా ఆయన తెచ్చాడు" అని ఇల్లిల్లూ తిరిగి చూపించింది. లీత్యాకి మాటలొచ్చాక ఆవిడని "ఏమే" అని పిలిచేది. పాలపళ్ళ మొగుడు "ఏమే, ఆకలే" అని కేకేస్తుంటే ఊరంతా పడీపడీ నవ్వేది. "నీ పెళ్ళాం పిలుస్తోందే, పో" అని తోటి పిల్లలు ఏడిపించేవాళ్ళు.

ఈ గదిలో మాత్రం రోగిని పేరు పెట్టి, గౌరవంగా పిలవాలి. అది కూడా నేర్పించారు.

"ఉలాయుక్ గారూ, మంచు కిందికి ఎందుకు దిగారు?" అని డాక్టరు ప్రశ్నని అప్పజెప్పింది.

"గారా!" అంది ముసలామె. "సరే. అమ్మ ఆల్చిప్పలు కావాలంది. జ్వరమొచ్చి లేచిందా, నోరు చప్పగా ఉందని రెండ్రోజులు ఒకటే గోల. కూతుర్నై ఉండి తెచ్చిపెట్టకపోతే ఎట్టా?"

"'మా అమ్మ ఆల్చిప్పలు అడిగింది. ఆమెకి జ్వరం వచ్చి తగ్గింది, నోటికి రుచి లేదని రెండు రోజులు గొడవ చేసింది. నేను ఆమె కూతురిని కనుక తీసుకురావలసి వచ్చింది.'"

డాక్టరు వేళ్ళు కంప్యూటరు మీద ఆగాయి. "వారి అమ్మగారు ఇప్పుడు ఎక్కడున్నారు?"

లీత్యా అడిగింది. ఉలాయుక్ గడ్డంతో బల్ల కిందికి చూపించింది. "అదిగో. ఆయన బూటుతాడు ఊడపీకుతోంది, చూసుకోమను."

డాక్టరు వంగి చూశాడు. తాడు నిజంగానే ఊడి ఉంది. ముసలామె తల్లి పేరు పెట్టుకున్న నివియాక్ అతని వంక చూసి నాలుక బయటపెట్టింది. అతను చిన్నగా నవ్వాడు, నవ్వుతూనే నిటారుగా కూర్చున్నాడు.

"డాక్టరుగారూ" అంది లీత్యా, తన గొంతు తనకే కొత్తగా వినిపిస్తుంటే. "మా దగ్గర పేరు పెట్టడం అంటే..."

"థాంక్యూ లీత్యా. ఆమె అన్న మాటలు చాలు. ఇంకేమైనా కావాలంటే నేనే అడుగుతాను." మర్యాదగానే అన్నాడు. "తన తల్లి చనిపోయిన విషయం ఆమెకి గుర్తుందా?"

లీత్యా నోరు ఆ ప్రశ్నని కూడా మోసింది.

"గుర్తు లేకేం? నా చేతుల్లోనేగా పోయింది. పోయింది, మళ్ళీ వచ్చింది. అప్పుడు నా ముక్కు తను తుడిచేది, ఇప్పుడు తన ముక్కు నేను తుడుస్తున్నా. అప్పుడు నన్ను కొట్టేది కూడా. నేను కొట్టట్లేదు చూడు, నాదీ మంచి మనసు!" ఉలాయుక్ తన మాటకి తనే పకపకా నవ్వింది.

"'గుర్తుంది. ఆమె నా చేతుల్లోనే చనిపోయింది. మళ్ళీ వచ్చింది. అప్పుడు నా ముక్కు ఆమె తుడిచేది, ఇప్పుడు ఆమె ముక్కు నేను తుడుస్తున్నాను. అప్పుడు ఆమె నన్ను కొట్టేది, నేను కొట్టడం లేదు, నాది మంచి మనసు.'"

ఇంగ్లీషులో నవ్వు లేదు. నవ్వుని అనువదించమని ఎవరూ నేర్పలేదు. ఒక్కో మాటా నిజమే, ఒక్కో మాటా అవతలి ఒడ్డుకి చేరేసరికి పిచ్చిమాట అవుతోంది, ఆ పడవ నడుపుతున్నది తను. లీత్యాకి అది కనిపిస్తూనే ఉంది. ఛాతీలో మాత్రం ఏమీ లేదు. చేతులు చొక్కా చేతుల్లోకి లాక్కుని కూర్చుంది.

డాక్టరు టైపు చేసి తలెత్తాడు. "చివరిది. మన ఇద్దరి మధ్య కూర్చున్న ఈమె ఎవరో చెప్పగలరా?"

"ఇదేం ప్రశ్న?" అంది ఉలాయుక్. "నా మొగుడు. మంచోడే. ఈ ఉద్యోగంలో చేరాకే కాస్త గీర పెరిగింది. పెళ్ళాన్ని పట్టుకుని గారూ గీరూ అంటున్నాడు."

డాక్టరు ఎదురుచూస్తున్నాడు. కిటికీ అవతల ఎవరిదో మంచుబండి మొరాయించి మొరాయించి అంటుకుంది. దుబాసి అంటే చాలు. పక్కింటి పిల్ల అంటే చాలు. కానీ మొదటి మాట తీసేసిన భయం ఇంకా పోలేదు, మార్కూసీ పీపాలు దొర్లిస్తూ కళ్ళ ముందు కనిపిస్తున్నాడు.

"'ఈమె నా భర్త'" అని మొదలుపెట్టి మిగతాదీ చెప్పింది లీత్యా.

తన గురించే తను అప్పజెప్పింది, ఎవరో దారిన పోయేవాళ్ళ గురించి చెప్పినట్టు. ఏమీ అనిపించలేదు. ఏమీ అనిపించకపోవడం చూసి భయమేసింది.

డాక్టరు కంప్యూటరు మూశాడు. కుర్చీ ముందుకి జరుపుకుని ఉలాయుక్ కళ్ళలోకి చూస్తూ, మెల్లగా, నిజంగా దయగా మాట్లాడాడు. "గురువారం విమానంలో మిమ్మల్ని నగరానికి పంపిస్తున్నాం. అక్కడ మిమ్మల్ని బాగా చూసుకుంటారు. కొద్ది రోజులే. నేను మాటిస్తున్నాను." లీత్యా వైపు తిరిగాడు. "చెప్పండి."

ఈ నాలుగు ముక్కలూ లీత్యాకి కొత్త కాదు. పోయినేడు ఇదే కుర్చీలోంచి సాలమన్ తాతకి చెప్పింది. కొద్ది రోజులే, నేను మాటిస్తున్నాను అని. సాలమన్ తాత డాక్టరు వంక చూడలేదు. మాటిచ్చింది లీత్యాయే అనుకుని ఆమె చెయ్యి పట్టుకున్నాడు. తమ భాషలో "నేను" అంటే నేనే కదా! వెళ్ళాడు. చలికాలం నడుమ ఒకరోజు నగరం నుంచి ఇక్కడికి ఫోనొచ్చింది. ఎవరో నర్సు. "ఇమిక్ అంటే ఏమిటండీ? ఇక్కడొక పెద్దాయన నిన్నంతా అదే అన్నారు, ఎవరి పేరైనా ఏమో, కుటుంబానికి చెబుదామని." నీళ్ళు అంది లీత్యా. ఇమిక్ అంటే నీళ్ళు. ఆ తర్వాత నర్సు, ఆయన తెల్లవారుజామున పోయారండీ అంది.

ఆ ఫోను పెట్టేసి లీత్యా తర్వాతి రోగిని లోపలికి పిలిచింది. ఆ పూట జీతం ఆ పూట సంపాదించుకుంది.

"ఏంటంటా మావా?" అంది ఉలాయుక్. "ఆయనకీ ఆల్చిప్పలు కావాలంటనా? ఉన్నాయి, పెడతాలే."

లీత్యా నోరు తెరిచింది. మాటలు సిద్ధంగానే ఉన్నాయి, అలవాటైన మాటలే. గురువారం అనాలి ముందు. అనలేదు.

"లీత్యా?"

"చెప్పను."

"అర్థం కాలేదా? మళ్ళీ చెప్పనా?"

"అర్థమైందండి. నేను చెప్పను."

డాక్టరు కనుబొమలు ముడిచి ముసలామె వంకా, లీత్యా వంకా చూశాడు. పాపం, అతని తప్పు కాదు. అతను వస్తున్న ఇన్ని నెలల్లో ఈ గొంతు "నేను" అన్నప్పుడల్లా అది ఇంకొకరిదే అయింది.

"ఎవరు చెప్పనంటున్నది? ఆమె నిరాకరిస్తున్నారా?"

"ఆవిడ కాదండి. నేను."

"నేను అంటే?"

"నేనే."

ఉద్యోగం పోతుంది. తల్లి తల బాదుకుంటుంది. గురువారం విమానం తను నోరు మూసుకున్నంత మాత్రాన ఆగదు, ఇంకో నోరు ఎక్కడినుంచైనా తెచ్చుకుంటారు. అన్నీ తెలుసు. తెలిసే, మధ్య కుర్చీలోంచి లేచింది.

ముసలామె ముందు నిలబడింది. ఈ గదిలో ఇన్నేళ్ళూ అనని మాట అంది.

"ఏమే. లే. ఇంటికి పోదాం."

ఉలాయుక్ నోరు తెరుచుకుని చూసింది. తర్వాత మొహమంతా ముడతలు పడేలా నవ్వింది. "అబ్బో! ఇన్నాళ్ళకి పెళ్ళాం కనపడిందా కళ్ళకి? ఏదీ, బూట్లు తొడుగు ముందు. నడుం వంగట్లేదు. అమ్మా, ఇంక ఇవతలికి రా, పోతున్నాం."

నివియాక్ బల్ల కిందనుంచి పాక్కుంటూ వచ్చింది. లీత్యా మోకాళ్ళ మీద కూర్చుని ముసలామె పాదాన్ని తోలుబూటులోకి తోసి తాడు బిగించసాగింది. ముడి పడలేదు. విప్పి మళ్ళీ కట్టింది. చలిలోంచి వచ్చి పొయ్యి దగ్గర పెట్టిన చేతుల్లా వేళ్ళు సలుపుతున్నాయి. కళ్ళలోంచి కారుతున్నది ముసలామె బూటు మీద పడింది.

"ఏం మావా, ఎవరన్నా ఏమన్నా అన్నారా?" అంది ఉలాయుక్, ఆమె తల మీద చెయ్యి వేసి. నవ్వు పోయింది ఆవిడ గొంతులో. "నన్ను పంపించేస్తారంటనా?"

"ఏమంటున్నారు ఆమె?" అన్నాడు డాక్టరు.

లీత్యా రెండో బూటు అందుకుంది.

"లీత్యా, ఏమంటున్నారు?"

మధ్య కుర్చీ ఖాళీగా ఉంది. తలుపు అవతల తర్వాతి రోగి దగ్గుతున్నాడు. డాక్టరు మూడోసారి అడిగాడు.