టెలివిజన్‌లో మా ఆయన మెడ

మా ఆయన ఓర్విల్, ఆయన జోడీ సై ప్లంకెట్ పద్దెనిమిదేళ్ళు నాటకశాలల్లో జనాన్ని నవ్వించారు. సై వాగుతూనే ఉంటాడు. ఓర్విల్ ఒక్క మాటా మాట్లాడడు. చిరునవ్వు మెల్లగా ఏడుపులోకి జారే ఆయన ముఖం కోసమే జనం టిక్కెట్లు కొనేవారు.

నాటకశాలలు ఒక్కొక్కటే మూతపడ్డాక, న్యూయార్కు టెలివిజన్‌లో ఐదు నిమిషాలు దొరికాయి. నచ్చితే పదమూడు వారాల ఒప్పందం. లేకపోతే ఇద్దరికీ సై బావగారి పరుపుల కొట్టే గతి.

మాకు టెలివిజన్ లేదు. పై అంతస్తులో మిసెస్ లుబిన్ ఇంట్లో కూర్చున్నాను.

తెరమీద సై కనిపించాడు. పక్కన ఒక మెడ. ఆదివారం వంటింట్లో నేను కత్తిరించిన జుట్టు, ఎడమవైపు వంకర. ఐదు నిమిషాలూ అంతే. స్టూడియోలో జనం మాత్రం పగలబడి నవ్వుతున్నారు.

"మీ ఆయన ఇటు తిరగడేం తల్లీ, అలిగాడా?" అంది మిసెస్ లుబిన్. "వాళ్ళెందుకు నవ్వుతున్నారు? మెడ చూసా?"

"నాకూ తెలియడం లేదండీ."

ఆ రాత్రి ఓర్విల్ ఈల వేసుకుంటూ ఇంటికి వచ్చాడు. "విన్నావా ఆ నవ్వులు?"

"విన్నాను. నువ్వెటు చూస్తున్నావు?"

"జనం వైపే. ఎర్రదీపం వెలిగిన కెమెరాను చూడమన్నాడు డైరెక్టరు, అదేమో నా వెనకవైపు. ఇనప డబ్బా ఎక్కడైనా నవ్వుతుందా?"

సూపు గిన్నె ముందు పెట్టి, ఇళ్ళలో ఏం కనిపించిందో చెప్పాను. ఆయన చెంచా ముట్టలేదు.

పొద్దున్నే ఏజెంటు ఫోను చేశాడు.

"ఆఁ... మెడా?... సరే," అంటూ ఓర్విల్ ఫోను పెట్టేశాడు. "పదమూడు వారాలూ ఇచ్చారు. ముఖం మాత్రం చూపించకూడదట. దేశమంతా ఆ మెడకే నవ్విందట. జుట్టు అలాగే ఉంచాలట."

సంతోషించాలో ఓదార్చాలో తెలియలేదు. ఆయన గోడ అద్దానికి వీపు పెట్టి, నా చేతి అద్దం ఎత్తి పట్టుకున్నాడు.

"నువ్వు చూశావుగా. అసలు ఈ మెడ ఏం చేసింది?"

"అద్దం పక్కన పెట్టు. అటు తిరిగి, ఎప్పటిలాగే ముఖం పెట్టు."

ఆయన అద్దం లేని గోడవైపు తిరిగాడు. ముందు చెవులు కదిలాయి. తర్వాత వంకర జుట్టు కింద మడత ఒకటి మెల్లగా లేచి, అంతకంటే మెల్లగా కుంగింది.

"నవ్వొచ్చిందా?" గోడనే చూస్తూ అడిగాడు.

"మళ్ళీ చెయ్యి," అన్నాను. వచ్చింది నవ్వో కాదో నాకింకా తేలలేదు.