పిలిస్తే వచ్చే ఖాతా

"ఫ్రీ అండి. రూపాయి కట్టక్కర్లా. మీరు మాకు స్పెషల్ కస్టమరు. లారీ ఎక్కడాగినా ఒక్క ఫోను కొట్టండి, మెకానిక్కే మీ దగ్గరికొస్తాడు," అంటున్నాడు జాన్‌బాషా, గరికపాడు దాబాలో ముఖం కడుక్కుంటున్న డ్రైవరు వీపుతో.

బాషా అరవై దాటిన మనిషి. ఏళ్ళ తరబడి స్టీరింగు పట్టి కుడిభుజం కిందికి జారింది. ఎండకి మెడ నల్లబడింది. కంపెనీ ఇచ్చిన ఎర్ర టీషర్టు మోకాళ్ళ దాకా వేలాడుతోంది. దారిలో ఆగిన లారీలకి మెకానిక్కుల్ని పంపే కంపెనీ అది. డ్రైవర్లకి అందులో ఖాతాలు తెరిపించడం, చూపు మందగించి డ్రైవింగు మానేశాక దొరికిన పని. ఇలాంటి పనిలో ఉన్నవాళ్ళు ఖాతా తెరిచి చేతులు దులుపుకుంటారు. జాన్‌బాషా మాత్రం ప్రతి ఖాతాకీ తనే మాటిచ్చినట్టు అనుకున్నాడు. నడిరోడ్డు మీద ఒంటరిగా లారీ ఆగితే ఎలా ఉంటుందో తెలిసినవాడు మరి.

చిక్కల్లా ఫోన్లతో వచ్చింది. ఖాతాకి పెద్ద ఫోను ఉండాలి. చాలామంది డ్రైవర్ల దగ్గర బటన్ల ఫోన్లే. "నా నంబరేస్తాలే. నాకు చెయ్యి, నేను కంపెనీకి చెప్తా," అని వాళ్ళందరి ఖాతాలకీ తన నంబరే ఇచ్చేశాడు. అన్నం ముందు కూర్చున్నా ఫోను మోగేది. "మీరు కంపెనీలో చేస్తున్నారా, ఈ లారీలోళ్ళ దగ్గరా?" అని భార్య వలీబీ సణిగేది.

ఆ మధ్యాహ్నం కంపెనీ సూపర్‌వైజరు నవీన్‌బాబు దాబా ముందు బైకు దిగాడు.

"బాషాగారూ, ఇన్ని ఖాతాలకి ఒకటే నంబరేంటండీ? దొంగ ఖాతాలని పైనుంచి అన్నీ తీసేశారు. మీరింక రావక్కర్లేదు."

"దొంగవి కాదు బాబూ, మనుషులున్నారు. కావాలంటే పిలిపిస్తా."

"అదంతా పైవాళ్ళకి అక్కర్లేదండీ."

నవీన్‌బాబు బాషాకి కంపెనీ ఇచ్చిన గొడుగు మడిచి బైకుకి కట్టుకున్నాడు, నెత్తిమీది టోపీ అడిగి తీసుకున్నాడు. టీషర్టు చెమటకి తడిసి ఉందని వదిలేశాడు. ఆ మాత్రం దయ చూపించాడు.

సాయంత్రం ప్రేమదాసు ఫోను చేశాడు. బటన్ల ఫోను డ్రైవర్లలో ఒకడు. చిల్లకల్లు దాటాక యాక్సిల్ విరిగి మలుపులో లారీ ఆగిపోయిందట. "బాషాభాయ్, చెప్పావుగా, మెకానిక్కుని పంపించు," అన్నాడు.

జాన్‌బాషా కంపెనీకి చేశాడు. ఈ నంబరు మీద ఖాతా ఏదీ లేదని తియ్యటి ఆడగొంతు చెప్పింది. మళ్ళీ చేశాడు. మళ్ళీ అదే మాట. ఆ ముక్క ప్రేమదాసుతో చెప్పడానికి బాషాకి నోరు రాలేదు. సిగ్గుతో చచ్చిపోయాడు.

"వస్తున్నా," అని ఆటో ఎక్కాడు.

మెకానిక్కు కోసం ప్రేమదాసుని అదే ఆటోలో జగ్గయ్యపేట పంపి, తను లారీకి కాపలా ఉన్నాడు. వెనకొచ్చే బండ్లు గుద్దకుండా రాళ్ళు పేర్చాలని డ్రైవరుకి ఒకళ్ళు చెప్పక్కర్లేదు. పక్క చేలోంచి ఒక్కో రాయీ పొట్టకి ఆనించుకుని మోసుకొచ్చి వరసగా పెట్టాడు. వేపకొమ్మ విరిచి చివరి రాళ్ళ మధ్య నిలబెట్టాడు.

ప్రేమదాసు మెకానిక్కుని వెంటబెట్టుకొచ్చేసరికి జాన్‌బాషా వెనకచక్రానికి ఆనుకుని కూర్చునున్నాడు. కునుకు పట్టిందనుకుని, తెచ్చిన టీ పక్కన పెట్టాడు ప్రేమదాసు.

"లే భాయ్, మెకానిక్కొచ్చాడు," అని భుజం తట్టాడు. జాన్‌బాషా లేవలేదు. ఒళ్ళు అప్పటికే చల్లబడిపోయింది.

మర్నాడు లారీ బాగుపడి వెళ్ళిపోయింది. రాళ్ళు తీసే తీరిక ఎవరికుంది? ఏ బుద్ధిలేనివాడు వదిలేసి పోయాడోనని తిట్టుకుంటూ డ్రైవర్లు పక్కనుంచి తప్పించుకు పోతున్నారు. చివరి రాళ్ళ మధ్య వేపకొమ్మ, ఆకులు వాడినా, ఇంకా నిలబడే ఉంది.