మా అన్న మంచోడు కాదు

మంచు ఇంకా విడలేదు. సిమెంటు కళ్లం మీద ఆరబోసిన కాఫీ గింజలను కనక చెక్క పలకతో తిరగేస్తోంది. రాత్రంతా కప్పి ఉంచిన టార్పాలిన్ తీసేసరికి పులిసిన వాసన గుప్పున లేచింది. కనక పొట్టి మనిషి. ఎండకు నల్లబడ్డ మోచేతులు, గోళ్ల సందుల్లో ఎప్పటికీ వదలని కాఫీ మరక, తల నిండా గింజల పొట్టు. కోతకాలం వచ్చిందంటే ఆమె లోకమంతా ఈ కళ్లమే.

పక్క రోడ్డు మీద పర్యాటకుల బస్సొకటి పాట మోగించుకుంటూ అరకు వైపు వెళ్లింది.

"మా అన్న మంచోడు కాదే వదినా, కొండ దిగినోడు నీకేల వదినా..."

బస్సులోని వాళ్లు గొంతు కలిపి కేరింతలు కొడుతున్నారు. ఆ పాటలోని వదిన ఇదిగో ఇక్కడే పలక లాగుతోందని వాళ్లకేం తెలుసు? తెలిస్తే బస్సాపించి ఫొటోలకు దిగుతారేమోనని కనక మొహం అటు తిప్పేసుకుంది. మామూలుగా అయితే నవ్వుకునేది. ఇవాళ నవ్వు రాలేదు. ఆ పాట కట్టిన ఆడపడుచు సోని ఈ మధ్యాహ్నం జీపెక్కి అడ్డతీగల వెళ్లిపోతోంది. వెళ్లేది అన్న రవిబాబు ఇంటికి. ఆ ఇంట్లో మరో వదిన ఉంది.

రవిబాబు కనకను ఇష్టపడే తెచ్చుకున్నాడు. ఏడాది బాగానే ఉన్నాడు. ఆ తరవాత రోడ్డు పనికని కొండ దిగి, అడ్డతీగలలో ఇంకో మనిషిని చూసుకుని అక్కడే ఉండిపోయాడు. ఫోన్‌లో రెండు ముక్కల్లో తేల్చేశాడు. కనక బట్టలు మూట కట్టుకుని తల్లి ఇంటికి నడిచింది. వెనక అడుగుల చప్పుడు వినిపించి చూస్తే సోని, చంకలో తన చాప, దుప్పటితో వస్తోంది.

"నువ్వెక్కడికే?" అంది కనక.

"మా యన్న ఒగ్గేసినాడు గానీ నానొగ్గలేదు. నడు," అంది సోని.

అమ్మా నాన్నా లేని పిల్ల. అన్నను కాదని వదిన వెంట వచ్చేసింది. ఊరు నోరు నొక్కుకుంది. ఆడపడుచంటే సూటిపోటి మాటలే అనుకునే వాళ్లకు ఈ పిల్ల ఎక్కడ అర్థమవుతుంది!

కనక నెలల తరబడి పెదవి విప్పలేదు. పనికి వచ్చేది, పోయేది. ఒకరోజు ఇదే కళ్లం మీద సోని పలక లాగుతూ, వదినను ఎలాగైనా కదిలిద్దామని, సొంత అన్ననే తిడుతూ పాటెత్తుకుంది. అవతలి వరసలో పని చేస్తున్న తోటి కూలి సుమ అందుకుని రెండో చరణం తిట్టింది. మూడో చరణానికి వచ్చేసరికి ఇద్దరికీ తిట్లు అయిపోయాయి. అప్పుడు కనక నోరు తెరిచింది. తిట్టలేదు. "కట్టెలు తెచ్చాను, కూడొండాను, నా తప్పేటో చెప్పెల్లలేదే" అని పాడింది. పాడుతూనే బావురుమంది. ఆ రాత్రి చాన్నాళ్లకు కడుపు నిండా అన్నం తింది.

కాఫీ మూటలు తీసుకెళ్లే వ్యాను తరుణ్‌ది. వీడియోలంటే పిచ్చి. ఆ పాట విని ముగ్గురినీ విశాఖపట్నం స్టూడియోకు తీసుకెళ్లాడు. అక్కడ ఒక్కొక్కరినీ ఒక్కో మైకు ముందు విడివిడిగా నిలబెట్టి, చెవులకు ఏవో తగిలించి పాడమన్నారు. గొంతు పెగిలితే ఒట్టు. గుంపుగా థింసా నాట్యం ఆడే పిల్లలు, చేతులు వెనక్కి చాచి పక్కవాళ్ల నడుం పట్టుకోకుండా ఎన్నడూ పాడి ఎరగరు. చివరికి సోని చెవుల్లోవి పీకేసి వదిన పక్కకు వచ్చేసింది. సుమ కూడా వచ్చింది. ముగ్గురూ ఒక్క మైకు ముందు చేతులు పెనవేసుకోగానే పాట దానంతటదే వచ్చింది, దానితోపాటు కాళ్లూ కదిలాయి. మధ్యలో అడుగుల చప్పుడు పడిందని స్టూడియో అతను తల పట్టుకున్నాడు. మళ్లీ పాడినా అంతే. విసిగి అలాగే వదిలేశాడు. ఇప్పుడు పెళ్లిళ్లలో ఆ పాట పెడితే జనం లేచి గంతులేసేది సరిగ్గా ఆ అడుగుల దగ్గరే.

పాట కొండంతా పాకింది, కొండ దిగి అడ్డతీగల సంతకూ చేరింది. పరువు తీశారని రవిబాబు ఫోన్‌లో మండిపడ్డాడు. కనకకు మాత్రం ఆ పాట మందులా పనిచేసింది. తన ఏడుపును ఇంతమంది తలా కాస్త పాడేసుకుంటుంటే తనకు మిగిలింది కొంచెమే. సుమ పెళ్లి చేసుకుని వెళ్లిపోయినా సోని ఉందన్న ధైర్యం ఉండేది.

ఇప్పుడు అడ్డతీగల ఆసుపత్రిలో సోనికి ఆయా ఉద్యోగం వచ్చింది. అన్న పాత కోపం మాని, మా ఇంట్లో ఉండవే, పసిపిల్లను కూడా చూసుకుందువని పిలిచాడు. రోజూ కళ్లెదుట ఉండే ఆ అన్న కొత్త పెళ్లాన్ని సోని ఏమని పిలుస్తుంది? ఒక్క నోట ఆ పిలుపు ఇద్దరికి ఉంటుందా? వారం రోజులుగా కనకను తొలిచేస్తున్నది అదే.

మధ్యాహ్నానికి సోని సంచితో కళ్లం గట్టుకు వచ్చింది. జీపు ఇంకా రాలేదు. వదిన తల చూసి మూతి విరిచింది.

"ఈ తలతోనేటి నన్ను సాగనంపుతావు? కూకో."

కనక గట్టు మీద కూర్చుంది. సోని సంచిలోంచి దువ్వెన తీసి పొట్టు రాలేలా దువ్వసాగింది. అడగాలనుకున్నది కనక అడగలేకపోయింది. ఇంకొకటి వచ్చింది నోట.

"ఆవిణ్ణి కూడా వదినా అనే పిలుసుకో, సోనీ. ఆవిడేటి సేసినాది పాపం?"

దువ్వెన ఆగింది. మళ్లీ కదిలింది, ఈసారి నెమ్మదిగా. ఇలాంటి పిల్లను తన చెంతకు చేర్చినందుకు ఆ రవిబాబుకు కూడా కనక మనసులో దణ్ణం పెట్టుకుంది.

హారన్ మోగింది. "బేగి రావమ్మా!" అని డ్రైవరు కేకేశాడు. సోని సంచి అందుకుని పరుగెత్తింది. జనం కిక్కిరిసిన జీపు వెనక ఎలాగో వేలాడింది. కనక కళ్లనీళ్లు తుడుచుకుని పలక అందుకుంది.

జీపు మలుపు తిరుగుతుండగా కొండ దద్దరిల్లేలా కేక వినిపించింది.

"వదినా! ఓ వదినా! దువ్వెన నీ తల్లోనే ఉండిపోనాది!"

జీపులోని వాళ్లంతా తలలు బయటపెట్టి ఈ వదిన ఎవరా అని చూశారు. కనక చెయ్యెత్తి ఊపింది. జీపు కనబడకుండా పోయాక గింజల వైపు తిరిగింది. ఎండ పడుతోంది, బోలెడు వరసలున్నాయి. సగం దువ్విన జుట్టులో, చెవి వెనక, రెండు పళ్లు ఊడిన ఎర్ర ప్లాస్టిక్ దువ్వెన గుచ్చినది గుచ్చినట్టే ఉంది.