అత్తగారి నోరు

బొమ్మలు వేసే కోడలికి అత్తగారి ముఖం దెయ్యంలా పట్టుకుంది. ఉత్త ముఖం కాదు, తిట్టేటప్పటి ముఖం. ప్రదర్శనశాల వాళ్లు ఆ బొమ్మ కోసం నడిమి గోడ ఖాళీగా ఉంచారు. రేపు పొద్దుటికి అందకపోతే ఆ గోడ ఇంకొకరిది.

అత్తగారు నోరు విప్పితే వీధి చివర కుక్క కూడా తోక ముడుస్తుంది. కుర్చీలో కూర్చోబెడితే మాత్రం ఫోటో స్టూడియోకి వచ్చినట్టు బిగుసుకుపోతుంది. కోడలు వేస్తుంది, చూస్తుంది, పళ్లు నూరుకుని కత్తితో గీకేస్తుంది. గీకిన రంగు నేల మీద పెచ్చులు కట్టింది.

“అత్తయ్యా, పోనీ నన్ను తిట్టండి.”

“ఊరికే తిట్లొస్తాయిటే? కారణం ఉండొద్దూ?”

కోడలు ఒక్క క్షణం ఆలోచించింది. కాన్వాసు అవతలి గోడకి చేర్చి, అత్తగారికి వీపు పెట్టి కూర్చుంది.

“అదేమిటే, నా మొహం ఇక్కడుంటే నువ్వటు తిరిగావేం?”

కోడలు కుంచె రంగులో ముంచింది.

“ఓహో! నా మొహం చూడ్డానికి కూడా పనికిరాలేదన్నమాట! నడుం పడిపోయేదాకా కూర్చోబెట్టి... ఒరేయ్, చూశావురా నీ పెళ్లాం నిర్వాకం!”

వంటింట్లోంచి కొడుకు తల బయటపెట్టాడు. గాలి ఎటు వీస్తోందో పసిగట్టి మళ్లీ లోపలికి లాక్కున్నాడు.

‘ఒరేయ్’ దగ్గర ఆ కింది పెదవి ఎంత సాగుతుందో, ‘నిర్వాకం’ దగ్గర ముక్కుపుటం ఎలా లేస్తుందో ఇన్నేళ్ల కాపురం కోడలి చేతికి నేర్పే ఉంది. కుంచె పారేసి వేళ్లతోనే ఎరుపు మెత్తింది. తిట్లు ఆగితే చెయ్యీ ఆగేది. అందుకని మధ్యమధ్య “ఊఁ, అయితే?” అని ఎగదోసేది. అత్తగారు అలిసేసరికి బొమ్మ పూర్తయింది. ఈసారి కత్తి జోలికి పోలేదు.

మర్నాడు నడిమి గోడ మీద, మనిషెత్తు కాన్వాసు నిండా, తెరిచిన నోరు. వచ్చినవాళ్లు వచ్చినట్టే ఆగిపోయారు. ఒకాయన దగ్గరికెళ్లి వేలు చాపాడు.

“ఏమయ్యా! తడి ఆరలేదు, కనపట్టం లేదూ?”

బొమ్మే అరిచిందనుకుని ఆయన అదిరిపడ్డాడు. పక్కకి చూస్తే అత్తగారు! అదే పెదవి, అదే ముక్కుపుటం. హాలంతా గొల్లున నవ్వి, చప్పట్లు కొట్టింది.

అత్తగారు అప్పుడు తలెత్తి బొమ్మని చూసింది. చాలాసేపే చూసింది.

“ఇంత నోరుటే నాది?”

“ఇంకా పెద్దదే అత్తయ్యా. కాన్వాసు చాల్లేదు.”

అత్తగారు నడుం మీద చెయ్యి వేసుకుని జనం వైపు తిరిగింది.

“తోసుకోకండి, వరసలో రండి. అది నేనే!”