ఎవాల్డ్ క్రోన్ ముఖం

ఎవాల్డ్ క్రోన్ పన్నెండు మూకీ సినిమాల్లో నటించాడు. పదకొండింటిలో ముఖం కనబడలేదు. కొన్నింట్లో ముసుగు దొంగ, కొన్నింట్లో దుప్పటి కింద శవం, మిగతావాటిలో హీరోకి డూప్. పన్నెండోదానిలో మాత్రం అతనే హీరో. అందులో ఒకే ఒక్క రీలు మిగిలింది. అది పార్సిప్పనీ అనే ఊళ్లో వాల్టర్ అనే ముసలాయన ఫ్రిజ్‌లో ఉంది.

ఈ బెర్లిన్ నటుడి మీద వర్ష రెండేళ్లుగా థీసిస్ రాస్తోంది. "ముఖమే చూపించలేని నటుడి గురించి ఏం రాస్తావు? సోమవారానికి ఒక్క ఫొటో తీసుకురా. లేదంటే టాపిక్ మార్చు" అనేశాడు ప్రొఫెసర్. ఆ శనివారం ఫ్రెండ్ పవన్‌ని బతిమాలి, జెర్సీ సిటీ నుంచి అతని కారులో వాల్టర్ ఇంటికొచ్చింది. ఫ్రిజ్ గ్యారేజీలో ఉంది.

"పెరుగు డబ్బా పక్కన సినిమా ఏంటి వర్షా? పులుస్తుందనా?" పవన్ నవ్వాడు.

వర్ష వినిపించుకోలేదు. చేతులకి తొడుగులు వేసుకుని, రీలు విప్పుతూ భూతద్దంతో ఒక్కో ఫ్రేమూ చూస్తోంది. క్రోన్ గోడ దూకాడు. వీపే కనబడుతోంది. ఇప్పుడు ఇటు తిరగాలి.

టేపు అతుకు. ఆ తర్వాత ఖాళీ వీధి.

"ఇక్కడ కట్ చేసిందెవరు?"

"నేనే" అన్నాడు వాల్టర్ తాపీగా. "ముఖాలున్న ముక్కలు బుక్‌మార్కులుగా అమ్మేశాను. వీపుల్ని ఎవరు కొంటారు?"

తిట్టాలో ఏడవాలో ఆమెకు తెలియలేదు. ఆ మొహం చూసి జాలేసిందేమో, వాల్టర్ ఫ్రిజ్ అడుగు నుంచి ఒక కవరు తీశాడు. "ముఖమున్న చివరి ముక్క. తీసుకో."

వర్ష ఊపిరి పీల్చుకుంది. కవరు పవన్ చేతికిచ్చింది. "తెరవకు. యూనివర్సిటీ ల్యాబ్‌లోనే స్కాన్ చేద్దాం. ఐస్ బాక్స్ అడిగి తెస్తాను."

ఐస్ బాక్స్ బేస్‌మెంట్‌లో అట్టపెట్టెల వెనక దొరికింది. దాన్ని మోసుకుంటూ గ్యారేజీలోకి వచ్చిన వర్ష ఆగిపోయింది.

ఎదుటి గోడ మీద మనిషంత ముఖం. వెడల్పు నుదురు, వంకర ముక్కు, అలసిన కళ్లు. పొద్దుటి నుంచీ పిలుపు కోసం కూర్చున్నవాణ్ని ఇప్పుడే పిలిచినట్టుంది ఆ చూపు.

"చూడు, మీ హీరో!" పవన్ మెరిసిపోతున్నాడు. కారు అద్దం తిప్పి ఎండని లోపలికి పంపాడు. ఒక చేతిలో వర్ష భూతద్దం, ఇంకో చేతిలో ఫిలిం. "తెనాలిలో టాకీసు వెనక ఫిలిం ముక్కలేరుకుని ఇలాగే ఆడేవాళ్లం!"

వెంటనే అరవాల్సింది. కానీ ఆ ముఖం నుంచి కళ్లు తిప్పుకోలేకపోయింది. దాని కన్ను కింద గోధుమ రంగు మచ్చ లేచింది.

"పవన్, పడెయ్!"

భగ్గుమంది. గోడ మీద ఖాళీ వెలుగు మిగిలింది.

"ఇదేం ఫిలిం తల్లీ!" పవన్ వేళ్లు ఊదుకున్నాడు. "మా ఊళ్లో ఎప్పుడూ అంటుకోలేదు."

"మీ ఊళ్లోది వేరు. ఇది పాతకాలం నైట్రేట్ ఫిలిం, వేడి తగిలితే చాలు అంటుకుంటుంది. ఫ్రిజ్‌లో ఎందుకు పెట్టాడనుకున్నావ్, పులుస్తుందనా?"

"ముందే చెప్పొచ్చుగా!"

"తెరవొద్దని చెప్పానుగా!"



"సారీ వర్షా. కనీసం నువ్వు చూశావుగా?"

"చూశాను. సోమవారం ఏం చెయ్యమంటావ్, బొమ్మ గీసి చూపించనా?"

వాల్టర్ గుమ్మంలోంచి తొంగిచూశాడు. "ఆ వీపుల రీలు మరి? కావాలా, వద్దా?"

"కావాలి" అంది వర్ష పళ్లు నూరుతూ. ఐస్ బాక్స్ మూత తెరిచింది.