ఇస్త్రీ చేసిన సినిమా

పెళ్లయి ఏడు వారాలు. ఐర్లండ్‌లోని లెటర్‌కెన్నీలో మాకు దొరికింది సగం ఇల్లు. ముందు సగంలో యజమానురాలు హెస్టర్ గారు ఉంటారు. ఆవిడది ఇంగ్లండ్‌లోని లీడ్స్. వయసు డెబ్బై తొమ్మిది, పని సినిమాలు తీయడం. యాభై ఏళ్లలో నలభై ఒకటి తీశారు. ఏదీ పన్నెండు నిమిషాలు దాటదు. కథ ఉండదు, హీరో ఉండడు. ఒక రీలును ఆర్నెల్లు బురదనేలలో పాతిపెట్టి తీశారట, ఇంకోదాన్ని కెమెరాయే లేకుండా సూదితో గీకి చేశారట. ఇదంతా చెబితే మా ఆయన రఘువీర్ చాలా శ్రద్ధగా విని, "మరి ఇంటర్వెల్ ఎప్పుడిస్తరు?" అన్నాడు.

ఆవిడ సినిమాలు లండన్ గ్యాలరీల్లో ఆడాయి గానీ, ముప్పై ఏళ్లుగా ఉంటున్న ఈ ఊళ్లో ఎవరూ వేయలేదు. ఇప్పుడు ఆర్ట్స్ సెంటర్ వాళ్లు శనివారం వేస్తామన్నారు. దానికోసం ఆవిడ మా వంటింటి కిటికీ మీద జారే వానను మూడు నిమిషాలు తీశారు. ఉన్నది ఆ ఒక్క రీలే.

బుధవారం పొద్దున దాన్ని కాఫీపొడి, చాకలిసోడా కలిపిన నీళ్లలో బొమ్మలు తేలేలా తనే కడిగారు. కంటి డాక్టరు దగ్గరికి వెళ్తూ తడి రీలున్న తొట్టి నా చేతికిచ్చి, హాట్ ప్రెస్ అని ఏదో చెప్పి, తను వచ్చేసరికి ఆరిపోవాలన్నారు.

నేను ఇస్త్రీపెట్టె తీశాను. వేడి బాగా తగ్గించి, రీలు మీద నా నారాయణపేట నూలు చీర కొంగు పరిచి, పసిపిల్లకు చొక్కా ఇస్త్రీ చేసినంత జాగ్రత్తగా చేశాను. మూడో వంతు అయ్యేసరికి రఘువీర్ భోజనానికి వచ్చాడు. గుమ్మంలోనే ఆగిపోయాడు.

"ఏం జేస్తున్నవ్?"

"హాట్ ప్రెస్."

"హాట్ ప్రెస్ అంటే ఇస్త్రీ కాదు పిల్లా. గా వేడినీళ్ల ట్యాంకు లేదా, దాని అల్మారా. ఈడ అల్మారాను ప్రెస్ అంటరు."

కొంగు ఎత్తి చూస్తే, మెత్తబడ్డ రీలు మీద నా చీర నేత పోగు పోగునా అచ్చుపడి ఉంది. కూర్చుని ఏడ్చాను. రఘువీర్ మిగతా రీలును అల్మారాలో వేలాడదీసి, నాకు పెరుగన్నం కలిపి తినిపించాడు. ఏడుస్తూనే తిన్నాను, బాగుంది.

హెస్టర్ గారు నల్లకళ్లద్దాలతో వచ్చారు. జరిగిందంతా చెప్పేశాను. కళ్లలో చుక్కల మందు వేశారనీ, చూపు మసకగా ఉందనీ, సాయంత్రం దాకా ఏమీ అననని చెప్పి వెళ్లి పడుకున్నారు. ఆ నాలుగు గంటల్లో నేను రెండు గదులూ మూడుసార్లు ఊడ్చాను.

ఆరింటికి వంటింటి గోడ మీద ప్రొజెక్టర్ వేశారు. వాన కురిసింది. ఉన్నట్టుండి ఆ వాన పలచటి గుడ్డలోంచి జల్లెడ పట్టినట్టు కురవసాగింది. పోగులు కదిలాయి, చుక్కలు వాటి మధ్య చిక్కుకుని జారాయి. ఆవిడ మళ్లీ వేశారు. ఆ తర్వాత మళ్లీ.

"శనివారం ఇదే వేస్తాను. కానీ నా ఒక్కదాని పేరుతో వెయ్యను," అన్నారు. "మూడో వంతు నేను చేసింది కాదు. నీ పేరు రాయి, మీ భాషలో."

నల్లటి రీలు ముక్క, సూది ఇచ్చారు. సెకనుకు ఇరవై నాలుగు బొమ్మలు. మూడు సెకన్లు కనబడాలంటే డెబ్బై రెండుసార్లు రాయాలి. గోరంత చోటులో 'సుధేష్ణ'. నేను ముప్పై ఆరు, రఘువీర్ ముప్పై ఆరు. అతను రాసిన ప్రతిసారీ ణ వత్తు పక్కింటికి పోతోందని పోట్లాడాను.

శనివారం హాల్లో నలభై మంది ఉంటారు, అందరూ చర్చిలోలా నిశ్శబ్దంగా కూర్చున్నారు. తెర మీద ముందు హెస్టర్ గారి పేరు, తర్వాత నాది, వత్తు ఊపుకుంటూ గంతులేస్తూ వచ్చింది. రఘువీర్ నోట్లో రెండు వేళ్లు పెట్టి, మనవైపు హాల్లో హీరో పేరు పడితే వేసినట్టు ఈల వేశాడు.

జనమంతా వెనక్కి తిరిగారు. నేను సీట్లోకి కుంగిపోయాను. పక్కన హెస్టర్ గారు, ఆ ఈల ఎలా వేస్తారో తనకూ చూపించమని అతన్ని మోచేత్తో పొడుస్తున్నారు.